ఇరాన్: షా ఇచ్చిన కుటుంబ చట్టం ఒక్క ఉత్తరంతో ఎలా పోయింది?

ప్రశ్న: 1970ల టెహ్రాన్ ఫొటోలు వాట్సాప్‌లో తిరుగుతుంటాయి. స్కర్టులు వేసుకున్న అమ్మాయిలు, యూనివర్సిటీ మెట్ల మీద నవ్వులు. విప్లవం వచ్చి అంతా నాశనమైందని కింద రాస్తారు. ఇంకోపక్క అక్కడి యూనివర్సిటీల్లో అబ్బాయిలకంటే అమ్మాయిలే ఎక్కువని చదివాను. రెండూ ఎలా నిజమవుతాయి? హిజాబ్ రూలు ఎత్తేస్తే సమస్య తీరినట్టేనా? మిగతా ముస్లిం దేశాల కథ కూడా ఇంతేనా?

జవాబు:

రెండూ నిజమే. ముందు ఆ ఫొటోల సంగతి చూద్దాం. అవి ఎక్కువగా ఉత్తర టెహ్రాన్‌వి, అంటే డబ్బున్నవాళ్ల పేటలవి. 1976 జనాభా లెక్కల నాటికి ఇరాన్ ఆడవాళ్లలో చదవడం, రాయడం వచ్చినవాళ్లు మూడింట ఒక వంతు. పల్లెల్లో నూటికి ఇరవై మంది కూడా లేరు. వాళ్లవైపు ఏ కెమెరా పోలేదు. అలాగని ఆ ఫొటోలన్నీ షా, అంటే అప్పటి ఇరాన్ రాజు, చేసుకున్న ప్రచారమేనని కొట్టిపారేసేవాళ్లతోనూ నాకు పేచీ ఉంది. ఆ రోజుల్లో కుటుంబ చట్టంలో వచ్చిన మార్పులు పైపై మెరుగులు కావు. 1979 తర్వాత పోయినవి నిజమైన హక్కులు, నిజమైన ఉద్యోగాలు. కొందరి విషయంలో ప్రాణాలే పోయాయి.

నేను పశ్చిమాసియా చరిత్ర పాఠాలు చెప్పి రిటైరైనవాణ్ణి. ఉస్మానియాలో చదివేటప్పుడు క్యాంపస్‌లో ఇరానీ విద్యార్థులు చాలామంది ఉండేవారు, ఆ దేశం మీద ఆసక్తి అక్కడే మొదలైంది. ఇన్నేళ్లుగా నన్ను తొలిచిన ప్రశ్న ఒకటుంది. అన్నేసి హక్కులు అంత తేలిగ్గా ఎలా పోయాయి? మీరడిగినవాటికి జవాబు కూడా అందులోనే దొరుకుతుందని నా నమ్మకం.

1967లో షా ప్రభుత్వం కుటుంబ రక్షణ చట్టం తెచ్చింది. అంతకుముందు మగవాడు కారణం చెప్పకుండానే విడాకులు ఇవ్వొచ్చు. (మన దగ్గర వార్తల్లో నలిగిన ట్రిపుల్ తలాక్ షియా న్యాయంలో చెల్లదు. అక్కడ సాక్షులు కావాలి, ఒక పద్ధతి ఉంది. అయినా అధికారమంతా మగవాడిదే.) కొత్త చట్టంతో విడాకులు కోర్టు గడప ఎక్కాయి. కొన్ని కారణాల మీద భార్య కూడా విడాకులు అడగొచ్చు. రెండో పెళ్లి చేసుకోవాలంటే కోర్టు అనుమతి ఉండాలి. పిల్లలు ఎవరి దగ్గర ఉండాలో కోర్టు చెబుతుంది. 1975లో దీన్ని ఇంకా గట్టి చేసి, పెళ్లి వయసు అమ్మాయికి 18, అబ్బాయికి 20 అన్నారు. ఆ ప్రాంతంలో ఇంత ముందుకు వెళ్లిన చట్టాలు అప్పటికి చాలా తక్కువ.

1979 ఫిబ్రవరి 11న విప్లవంతో షా ప్రభుత్వం కూలింది. ఫిబ్రవరి 26న, అంటే పదిహేను రోజులకే, విప్లవ నాయకుడు అయతొల్లా ఖొమైనీ కార్యాలయం నుంచి ఆ చట్టాన్ని నిలిపేస్తున్నట్టు ఉత్తరం వచ్చింది. పార్లమెంటు లేదు, చర్చ లేదు, ఒక్క ఉత్తరం అంతే. తర్వాత ఆడవాళ్లు జడ్జీలుగా పనికిరారన్నారు. 1975లో టెహ్రాన్ కోర్టుకు అధ్యక్షురాలైన షిరిన్ ఎబాదిని అదే కోర్టులో గుమాస్తాను చేశారు. (ఆమెకే 2003లో నోబెల్ శాంతి బహుమతి వచ్చింది.) పెళ్లి వయసు అమ్మాయిలకు తొమ్మిది చాంద్రమాన సంవత్సరాలకు దిగింది.

అంత పెద్ద చట్టానికి కాపలా ఎందుకు లేకపోయింది? దీనికి ఇంకాస్త వెనక్కి వెళ్లాలి.

ఇరాన్‌లో ఆడవాళ్ల ఉద్యమం షాతో మొదలవలేదు. 1906 రాజ్యాంగ విప్లవం నాటినుంచే రహస్య సంఘాలు, ఆడపిల్లల బడులు, పత్రికలు ఉన్నాయి. 1922లో మొహ్తరం ఎస్కందరీ దేశభక్త మహిళా సంఘం పెట్టింది. ఫఖ్ర్ ఆఫాఖ్ పార్సా అనే ఆవిడ ‘జహాన్-ఎ జన్’ అనే పత్రికలో ఆడపిల్లల చదువు గురించి రాసినందుకు ఊరు వదిలి ప్రవాసం వెళ్లాల్సి వచ్చింది. ఇవన్నీ కింది నుంచి, ఎవరూ అడక్కుండానే పుట్టినవి. రెజా షా గద్దెనెక్కాక ఈ సంఘాలను ఒక్కొక్కటిగా మూయించాడు. 1935లో వాటి స్థానంలో ప్రభుత్వమే ఒక మహిళా కేంద్రం పెట్టి, దానికి తన కూతుర్ని గౌరవాధ్యక్షురాల్ని చేశాడు. 1936 జనవరిలో ముసుగు మీద నిషేధం తెచ్చాడు. చాదోర్ (తల నుంచి పాదాల దాకా కప్పే ముసుగు) వేసుకుని వీధిలోకొస్తే పోలీసులు లాగేశారు. పాత తరం ఆడవాళ్లు చాలామంది ఊరి ఉమ్మడి స్నానశాలకు వెళ్లడానికి కూడా భయపడి ఏళ్లతరబడి గడప దాటలేదు. సంప్రదాయ కుటుంబాలు ఆడపిల్లల్ని బడి మాన్పించాయి. 1941లో రెజా షా దిగిపోగానే చాదోర్‌లు మళ్లీ వీధుల్లోకి వచ్చాయి.

ఆయన కొడుకు, అంటే 1979లో కూలిన షా, కాలంలో పద్ధతి మారింది గానీ తత్త్వం మారలేదు. 1963లో ఓటు హక్కు ఇచ్చారు, ఆరుగురు మహిళలు పార్లమెంటుకు వచ్చారు. వాళ్లలో ఒకరు, ప్రవాసం వెళ్లిన ఆ పత్రికా సంపాదకురాలి కూతురు ఫర్రొఖ్‌రూ పార్సా. 1968లో విద్యామంత్రి అయింది, ఇరాన్‌లో తొలి మహిళా మంత్రి ఆమే. 1980 మేలో విప్లవ కోర్టు ఆమెకు మరణశిక్ష వేసింది. తల్లికి అండగా ఒక చిన్న సంఘమైనా ఉంది. కూతురి వెనక షా ప్రభుత్వం తప్ప ఇంకేం లేదు, అది అప్పటికే పోయింది. స్వతంత్రంగా నోరెత్తే సంస్థ ఏదీ బతకనివ్వని రాజ్యంలో ఆడవాళ్ల హక్కులు కూడా రాజుగారి ఖాతాలోనే పడ్డాయి. అందుకే విప్లవంలో రాజుతోపాటు అవీ కొట్టుకుపోయాయి. షాను ద్వేషించిన వామపక్ష మహిళలు కూడా ఆ చట్టం కోసం వెంటనే లేవలేదు. అది వాళ్లకు ‘షా చట్టం’.

అస్సలు లేవలేదనీ కాదు. ఆఫీసుల్లో హిజాబ్ ఉండాలని ఖొమైనీ అన్న మర్నాడే, 1979 మార్చి 8న, మంచు పడుతున్న టెహ్రాన్‌లో వేలమంది ఆడవాళ్లు వీధికెక్కారు. వెనక్కి పోవడానికి మేం విప్లవం చేయలేదని వాళ్ల నినాదం. రోజుల తరబడి సాగింది. ప్రధాని బజర్గాన్ తాత్కాలిక ప్రభుత్వం బలవంతమేమీ లేదని తగ్గింది. ఏడాది తిరిగేసరికి ఆఫీసుల్లో తప్పనిసరి అయింది, 1983లో హిజాబ్ లేకపోతే 74 కొరడా దెబ్బలని శిక్షాస్మృతిలోకెక్కింది. ఒక విచిత్రం చూడండి. 1962లో ఆడవాళ్లకు ఓటు ఇవ్వడాన్ని మత విరుద్ధమని ఎదిరించిన ఖొమైనీ, 1979లో ఆ ఓటును ముట్టుకోలేదు. ఎందుకంటే 1978 ఊరేగింపుల్లో చాదోర్ వేసుకున్న లక్షల మంది ఆడవాళ్లు ఆయన కోసం నడిచారు. మనుషులు వెనక ఉన్న హక్కు నిలబడింది, కాగితం మీది హక్కు పోయింది.

ఇక మీ రెండో ప్రశ్న, యూనివర్సిటీల సంగతి. ఇస్లామిక్ రిపబ్లిక్ కోరుకోని ఫలితం ఇక్కడే వచ్చింది. అబ్బాయిలకు వేరు బడి, అమ్మాయిలకు వేరు బడి, అందరి తలమీదా ముసుగు అనేసరికి, షా కాలంలో కూతుర్ని బయటికి పంపని తండ్రికి చెప్పుకోవడానికి సాకు లేకుండా పోయింది. 1979 చివర్లో మొదలైన అక్షరాస్యతా ఉద్యమం పల్లెలకెళ్లింది. 1976లో మూడో వంతున్న మహిళా అక్షరాస్యత 1996కల్లా దాదాపు మూడొంతులకు చేరింది, అంటే నూటికి 74. 1990ల చివర్లో ప్రభుత్వ యూనివర్సిటీల ప్రవేశాల్లో అమ్మాయిలు సగం దాటారు, 2000ల మొదట్లో 60 శాతం కూడా దాటారు. దీనికి ప్రభుత్వాన్ని మెచ్చుకోవాలా అని మా విద్యార్థులు అడిగేవారు. బడులు కట్టింది ప్రభుత్వమే, కాదనను. ఆ అమ్మాయిలు అంత పైకొస్తారని అది అనుకోలేదనడానికి కూడా సాక్ష్యం ఉంది: 2012లో 36 యూనివర్సిటీలు 77 కోర్సుల్లో అమ్మాయిలకు తలుపు మూశాయి.

ఆడవాళ్లకు కింది నుంచి బలం తెచ్చినవాటిలో చదువు మొదటిది, రెండోది యుద్ధం. 1980 నుంచి 88 దాకా ఇరాక్‌తో జరిగిన యుద్ధంలో వేలాది కుటుంబాలు మగదిక్కు కోల్పోయాయి. తండ్రి పోతే పిల్లల మీద చట్టబద్ధమైన అధికారం తాతది, అంటే తండ్రి తండ్రిది. అత్తింటివారు పిల్లల్నీ, వాళ్ల పేర వచ్చే డబ్బునీ తీసుకుపోతుంటే యువ వితంతువులు గోల పెట్టారు. వీళ్లు అమరుల భార్యలు. వీళ్లను పాశ్చాత్య వ్యామోహం పట్టినవాళ్లని అనడానికి నోరు రాదు. 1985లో చట్టం మార్చి, పిల్లలు తల్లి దగ్గరే ఉండాలని, వాళ్ల ఖర్చు డబ్బు తల్లి చేతికే ఇవ్వాలని చెప్పారు. తాత అధికారం మాత్రం అలాగే ఉంచారు. షరియత్ మారదు అన్న ప్రభుత్వమే ఒత్తిడికి ఎంత వంగగలదో ఆ ఆడవాళ్లకు అప్పుడు తెలిసింది.

మూడోది మెహర్, అంటే భార్యకు ఇస్తానని భర్త పెళ్లి పత్రంలో రాసే సొమ్ము. హైదరాబాద్ పాతబస్తీ నిఖానామాల్లో రాసే మెహర్ తెలిసినవాళ్లకు ఇది వెంటనే అర్థమవుతుంది, కాకపోతే ఇరాన్‌లో దాని బరువు వేరు. అక్కడ మెహర్‌ను బంగారు నాణేల్లో రాస్తారు. ఒక్కో నాణెం దాదాపు మన కాసు ఎత్తు, ఎనిమిది గ్రాముల పైచిలుకు. కొందరు 14 రాస్తారు, కొందరు 114, ఇంకొందరు ఇరాన్ క్యాలెండర్ ప్రకారం పెళ్లికూతురు పుట్టిన సంవత్సరం ఎంతో అన్ని, అంటే వెయ్యి మూడొందల పైన. ఎవరూ ఇవ్వరు, ఎవరూ అడగరు, సంసారం బాగున్నంత వరకు. బెడిసినరోజు అదే ఆయుధం. భార్య ఎప్పుడు అడిగినా చెల్లించాలని చట్టం, చెల్లించకపోతే జైలు. విడాకుల హక్కు మగవాడి చేతిలో ఉన్న చోట భార్యకు మిగిలిన బేరం ఇదొక్కటే. ‘మెహర్ నీకు హలాల్, నా ప్రాణం నాకు స్వేచ్ఛ’ అని అక్కడ సామెతే ఉంది: డబ్బు వదిలేసుకుంటాను, నన్ను వదిలెయ్ అని. జైళ్లు మెహర్ బాకీదారులతో నిండేసరికి, 2013 కుటుంబ చట్టంలో 110 నాణేల దాకానే జైలు బెదిరింపు పనిచేస్తుందని పరిమితి పెట్టారు.

దీనికి తోడు 1980ల నుంచి అచ్చువేసిన పెళ్లి పత్రంలోనే షరతులు ఉంటాయి. భర్త ఆరు నెలలు పోషించకపోతే, మత్తుమందులకు బానిసైతే, చెప్పకుండా రెండో పెళ్లి చేసుకుంటే, ఇలా పన్నెండు సందర్భాల్లో భర్త తరఫున తానే విడాకులు తీసుకునే అధికారం భార్యకు వస్తుంది. పెళ్లికొడుకు ప్రతి షరతు కిందా సంతకం పెట్టాలి. పెట్టనంటే ఆ షరతు లేదు. పెళ్లి పందిట్లో ఆ కాగితం ముందు ఏ అమ్మాయి నోరు తెరిచి అడుగుతుంది? చదువుకున్న అమ్మాయి అడుగుతుంది. మొత్తం వ్యవహారం అక్కడే ఉంది. చట్టం ఇచ్చిన సందు చిన్నదే, అందులోంచి దూరడానికి కావలసిన ధైర్యం మాత్రం బడుల్లోంచి వచ్చింది.

పిల్లల లెక్క కూడా చెప్పాలి. 1976లో 3.37 కోట్లున్న జనాభా 1986కి 4.94 కోట్లయింది. యుద్ధం ముగిశాక తిండి, బడి, ఉద్యోగం ఎక్కడ్నుంచి తేవాలో పాలుపోక 1989లో ప్రభుత్వమే కుటుంబ నియంత్రణ మొదలుపెట్టింది. పల్లెల్లో ఆరోగ్య గృహాలు, వాటిలో మన ఆశా కార్యకర్తల్లాంటి స్థానిక ఉద్యోగులు, పెళ్లికి ముందు తప్పనిసరి క్లాసు, మసీదులో దానికి అనుకూలంగా ఉపన్యాసం. 1980ల మొదట్లో ఒక్కో స్త్రీకి ఆరుకు పైన ఉన్న పిల్లల సగటు 2000కల్లా రెండుకు దిగింది. ఇంత వేగంగా పడిన దేశాలు ప్రపంచంలోనే అరుదు. అమ్మమ్మకు ఏడుగురు, అమ్మకు ముగ్గురు, తనకు ఒక్కరు, అదీ ముప్పై ఏళ్లు దాటాక. ఇంట్లో ఆడదాని రోజంతా దీనితో మారిపోయింది. ఆ తర్వాత సుప్రీం లీడర్ ఖమేనీ ఆ విధానాన్ని అంతకాలం కొనసాగించడం పొరపాటన్నారు, 2021లో చట్టం చేసి ప్రభుత్వ ఆసుపత్రుల్లో ఉచిత గర్భనిరోధకాలు ఆపేశారు. జనాభా లెక్క చూసుకుని ఆడవాళ్ల కడుపు వైపు తిరగడం ఒక్క ఇరాన్‌కే ఉన్న జబ్బు కాదు లెండి. ఇద్దరికి మించి పిల్లలుంటే పంచాయతీ ఎన్నికల్లో నిలబడొద్దన్న మన ఆంధ్రప్రదేశ్ కూడా 2024లో ఆ రూలు ఎత్తేసింది.

ఈ నేల మీద మొలిచిందే 2008 సంఘటన. నా దృష్టిలో హిజాబ్ ఫొటోలన్నిటికంటే ముఖ్యమైనది ఇదే, వాట్సాప్‌లో మాత్రం ఎప్పుడూ రాదు. 2007లో అధ్యక్షుడు అహ్మదినెజాద్ ప్రభుత్వం కొత్త కుటుంబ బిల్లు తెచ్చింది. అందులో 23వ అధికరణం ప్రకారం డబ్బుందని చూపిస్తే చాలు, మొదటి భార్య ఒప్పుకోకపోయినా రెండో పెళ్లి చేసుకోవచ్చు. అప్పటికి లక్ష సంతకాలు కాదు, పది లక్షల సంతకాల ఉద్యమం నడుస్తోంది. 2006 ఆగస్టులో మొదలైన ఆ ఉద్యమంలో అమ్మాయిలు బస్సుల్లో, బ్యూటీ పార్లర్లలో, గుమ్మం గుమ్మానికీ తిరిగి, చట్టంలో ఏముందో చెప్పి సంతకాలు అడిగేవారు. చాలామందిని అరెస్టు చేశారు. బిల్లు వచ్చేసరికి ఎబాది లాంటి లాయర్లు, చాదోర్ తీయని మతపక్షపు మహిళలు, మామూలుగా ఒకరి మొహం ఒకరు చూసుకోనివాళ్లు, ఒకే మాట మీద పార్లమెంటుకు వెళ్లారు. అధికరణం తీసేశారు. తర్వాత మళ్లీ వెనకదారిన తేవాలని చూశారు గానీ, 2013లో చివరికి పాసైన చట్టంలో అది లేదు. 1967 చట్టాన్ని ఒక ఉత్తరం ముగించింది. 2008లో ఒక ప్రభుత్వం, దాని పార్లమెంటు కలిసి కూడా ఒక్క అధికరణం నెగ్గించుకోలేకపోయాయి.

హిజాబ్ పోతే తీరుతుందా అన్నారు. 2022 సెప్టెంబర్‌లో మహ్సా అమినీ అనే యువతి, హిజాబ్ రూలు అమలుచేసే నైతిక పోలీసుల కస్టడీలో చనిపోయాక వచ్చిన తిరుగుబాటును, దానికోసం ప్రాణాలిచ్చిన వందలమందిని తక్కువ చేసి మాట్లాడను. ఆ తర్వాత పెద్ద నగరాల్లో తల కప్పుకోకుండా తిరిగే ఆడవాళ్లు మామూలైపోయారు. పార్లమెంటు ఆమోదించిన కొత్త కఠిన హిజాబ్ చట్టం అమలును 2024 డిసెంబర్‌లో వాయిదా వేసుకోక తప్పలేదు. అయినా సివిల్ కోడ్ అలాగే ఉంది. 1105వ అధికరణం కుటుంబ పెద్దరికం భర్తదంటుంది. 1117 ప్రకారం కుటుంబ గౌరవానికి తగదని చెప్పి భార్యను ఉద్యోగం మాన్పించొచ్చు. పెళ్లయిన స్త్రీ పాస్‌పోర్టుకు భర్త అనుమతి కావాలి. 2015లో ఫుట్సాల్ (ఇండోర్ ఫుట్‌బాల్) జట్టు కెప్టెన్ నిలూఫర్ అర్దలాన్ ఆసియా పోటీలకు మలేషియా వెళ్లలేకపోయింది, భర్త సంతకం పెట్టలేదు. ఇంత చదువున్న దేశంలో ఉద్యోగం చేసేవాళ్లు, వెతుక్కునేవాళ్లు కలిపి ఆడవాళ్లలో నూటికి పదిహేను మంది దగ్గరే ఆగిపోయారు. ఆంక్షల దెబ్బతో కుదేలైన ఆర్థిక వ్యవస్థ ఒక కారణం, ఈ అధికరణాలు ఇంకో కారణం. గుడ్డముక్క వీధిలో కనిపిస్తుంది కాబట్టి ప్రపంచం దాన్ని చూస్తుంది. 1117ను ఎవరు ఫొటో తీస్తారు?

మిగతా దేశాలకు ఇదే కథ అతికించొద్దు. సౌదీలో 2018 జూన్‌లో ఆడవాళ్లకు డ్రైవింగ్ అనుమతి వచ్చింది, 2019లో 21 దాటిన స్త్రీ మగ సంరక్షకుడి అనుమతి లేకుండా పాస్‌పోర్టు తీసుకోవచ్చన్నారు. నిజంగా పెద్ద మార్పులే. అయితే డ్రైవింగ్ హక్కు కోసం ఏళ్లుగా పోరాడిన లుజైన్ అల్ హథ్లూల్‌ను సరిగ్గా దానికి కొన్ని వారాల ముందు, 2018 మేలో అరెస్టు చేశారు. 2021 ఫిబ్రవరిలో వదిలినా విదేశీ ప్రయాణం మీద నిషేధం పెట్టారు. రెజా షా పద్ధతి గుర్తొస్తే మీ తప్పు కాదు.

నా వాదనకు అడ్డొచ్చే దేశం కూడా ఒకటుంది, చెప్పకపోతే అన్యాయం. ట్యునీషియాలో ఆ దేశ స్వాతంత్ర్య నాయకుడు బుర్గీబా కూడా పైనుంచే చేశాడు. స్వాతంత్ర్యం వచ్చిన అయిదు నెలలకే, 1956 ఆగస్టు 13న, బహుభార్యాత్వాన్ని పూర్తిగా నిషేధించి విడాకులను కోర్టుకు పంపాడు. ఎవరూ వీధుల్లో అడిగింది కాదు. అయినా 2011 విప్లవం తర్వాత ఇస్లామిక్ పార్టీ ఎన్నహ్దా గెలిచినా అది కూలిపోలేదు. ఇరాన్ చట్టానికి పన్నెండేళ్లు దొరికాయి, ట్యునీషియా చట్టానికి యాభై అయిదు. అప్పటికి అమ్మమ్మలు కూడా ఆ చట్టం కిందే కాపురాలు చేసినవాళ్లు. దానికితోడు మహిళా సంఘాలు, బలమైన కార్మిక సంఘం ఉన్నాయి. 2012లో రాజ్యాంగ ముసాయిదాలో స్త్రీని పురుషుడికి ‘పూరకం’ అని రాయబోతే ఆగస్టు 13నే వేలమంది ట్యునిస్ వీధుల్లోకి వచ్చారు. ఆ మాట తీసేసి, 2014 రాజ్యాంగంలో ఇద్దరూ సమానమని రాశారు. వారసత్వం దగ్గర మాత్రం అక్కడా బండి ఆగింది. కొడుక్కి, కూతురికి సమాన వాటా ఇవ్వాలని 2018లో అధ్యక్షుడు ఎసెబ్సీ ప్రతిపాదించాడు. 2019లో ఆయన చనిపోయాడు, ఆ బిల్లు పార్లమెంటు దాటలేదు.